యెజీ ష్టూర్ సినిమాలు: నటుడితో మొదలుపెట్టాలా, దర్శకుడితోనా?

పోలిష్ దర్శకుడు క్షిష్టోఫ్ కీస్లోవ్‌స్కీ సినిమాలు చూసినవాళ్లకి నటుడు యెజీ ష్టూర్ ముఖం తెలిసే ఉంటుంది. ‘త్రీ కలర్స్: వైట్’లో పారిస్‌లో సర్వం పోగొట్టుకుని పోలండ్ చేరిన తమ్ముణ్ని ఆదుకునే సెలూన్ అన్న ఆయనే. పది ఆజ్ఞల మీద కీస్లోవ్‌స్కీ తీసిన ‘డెకలాగ్’ పదో కథలో తండ్రి వదిలివెళ్లిన స్టాంపుల కోసం కంటిమీద కునుకు లేకుండా తిరిగే పెద్దకొడుకూ ఆయనే. ముఖం గుర్తుంటుంది, పేరు గుర్తుండదు. పేరు తెలుసుకుని వెతికితే ఎదురయ్యే జాబితా మాత్రం చాలా పెద్దది. అందులో గంభీరమైన రాజకీయ చిత్రాలున్నాయి, జనం విరగబడి చూసిన కామెడీలున్నాయి, ఆయన స్వయంగా తీసిన సినిమాలున్నాయి, ఇటలీలో నటించినవి ఉన్నాయి. దేంతో మొదలుపెట్టాలన్నది తేల్చుకోవడం కష్టమే. తప్పు సినిమాతో మొదలుపెడితే ‘ఈయన ఇంతేనా’ అనుకుని అక్కడే ఆగిపోయే ప్రమాదం ఉంది కాబట్టి ఈ పోలిక రాస్తున్నాను.

ముందు మనిషి గురించి క్లుప్తంగా. ష్టూర్ 1947 ఏప్రిల్ 18న క్రాకోవ్‌లో పుట్టారు. 2024 జూలై 9న 77 ఏళ్ల వయసులో కన్నుమూశారు. యాగెలోనియన్ విశ్వవిద్యాలయంలో పోలిష్ సాహిత్యం చదివి, ఆ తర్వాత అదే ఊళ్లోని నాటక పాఠశాలలో నటన నేర్చుకున్నారు. అక్కడి ‘స్తారీ’ నాటకశాలలో ఏళ్ల తరబడి పనిచేశారు. ఆంద్రె వైదా దర్శకత్వంలో హామ్లెట్ వేశారు. దోస్తోయెవ్‌స్కీ ‘నేరము-శిక్ష’ను వైదా రంగస్థలానికి తెచ్చినప్పుడు విచారణాధికారి పోర్ఫిరీగా నటించారు. తను చదువుకున్న నాటక పాఠశాలకే 1990 నుంచి 1996 దాకా, మళ్లీ 2002 నుంచి 2008 దాకా రెక్టర్‌గా ఉన్నారు. ఈ చివరి విషయాన్ని గుర్తుపెట్టుకోండి. తీసిన సినిమాలన్నిటిలోనూ నటులకి పాఠం చెప్పే మాస్టారి ఓపిక కనిపిస్తుంది.

ఎంచుకునేటప్పుడు అందరూ వేసుకునే ప్రశ్న ‘అన్నిటికన్నా పేరున్న సినిమా ఏది?’ అని. ష్టూర్ విషయంలో ఆ ప్రశ్న పనికిరాదు. పోలండ్‌లో అన్నిటికన్నా జనాదరణ పొందినది ఒకటి, చిత్రోత్సవాల్లో బహుమతులు తెచ్చినది ఇంకొకటి, కొత్తగా చూసేవాడికి ఆయన్ని దగ్గర చేసేది మరొకటి. నా లెక్కలో ఆయన సినిమాల్ని ఒంటరిగా కాక జంటలుగా ఎంచుకోవాలి: నటించినది ఒకటి, తీసినది ఒకటి. ఎందుకంటే 1970ల్లో ఇతరుల దర్శకత్వంలో ఆయన వేసిన మనుషులే, పాతికేళ్ల తర్వాత ఆయన సొంత సినిమాల్లోకి వయసు మీదపడి తిరిగొస్తారు. కుర్రతనంలో ‘నన్నెందుకు బతకనివ్వరు?’ అని లోకాన్ని అడిగినవాడు, ఇప్పుడు ‘నేనెలా బతికాను?’ అని తనను అడుగుతాడు. ఈ మలుపు ఒక్క సినిమాతో అర్థం కాదు.

మొదటి జంట: ‘కెమెరా బఫ్’, ‘ద బిగ్ యానిమల్’

ఒక్క సాయంత్రమే ఉందంటే, సందేహం లేకుండా ‘కెమెరా బఫ్’ చూడండి. పోలిష్ పేరు ‘అమాటోర్’, 1979లో వచ్చింది, దర్శకుడు కీస్లోవ్‌స్కీ. నిడివి రెండు గంటలకు కాస్త తక్కువ. ఒక చిన్న ఊళ్లో ఫ్యాక్టరీలో సరుకుల కొనుగోలు చూసే ఫిలిప్ మోష్ అనే ఉద్యోగి. భార్య కడుపుతో ఉంది. పుట్టబోయే బిడ్డని చిత్రీకరించాలని ఎనిమిది మిల్లీమీటర్ల కెమెరా కొంటాడు, అంతే. ఊళ్లో అది తప్ప ఇంకో కెమెరా లేదు కాబట్టి ఫ్యాక్టరీ వార్షికోత్సవాన్ని కూడా తీసిపెట్టమని డైరెక్టరుగారు పురమాయిస్తారు. తీస్తాడు. అతని కెమెరా వేదికను వదిలేసి కిటికీ గట్టుమీది పావురాల వైపు వెళుతుంది, మరుగుదొడ్డికి వెళ్లొస్తున్న పెద్దమనుషుల వైపు వెళుతుంది. ‘ఇవెందుకు? తీసెయ్’ అంటారు డైరెక్టరుగారు. ఒక గుమాస్తా కళాకారుడిగా మారడం, సెన్సార్ అంటే ఏమిటో తెలియడం, ఇంట్లో పెళ్లాం దూరమవడం, మూడూ అక్కణ్నుంచే మొదలు.

ఈ పాత్రలో ష్టూర్ చేసిన పని దగ్గరగా చూడదగ్గది. భార్య ఇల్లు వదిలి వెళ్లిపోతున్న సన్నివేశం ఉంది. ఏ మొగుడైనా వెంటపడతాడు, బతిమాలతాడు, లేదా అరుస్తాడు. ఫిలిప్ మాత్రం రెండు చేతుల వేళ్లని చతురస్రంగా కలిపి, వెళ్లిపోతున్న ఆవిణ్ని ఆ చట్రంలోంచి చూస్తాడు. అందులో క్రూరత్వం లేదు. అది అతనికి అలవాటైపోయింది, తను చేస్తున్నది తనకే తెలియదు. ష్టూర్ ముఖంలో ఆ క్షణంలో దుఃఖమూ ఉంటుంది, షాట్ బాగా కుదిరిందన్న తృప్తీ ఉంటుంది. రెండూ ఒకేసారి చూపించగల నటులు అరుదు. కళ కోసం మనిషి ఏం వదులుకుంటాడన్న చర్చ ఎంతసేపైనా చేసుకోవచ్చు గానీ, ఆ వేళ్ల చట్రం చూశాక చర్చ అక్కర్లేదనిపిస్తుంది.

అదే సినిమాలో దానికి ఎదురు సన్నివేశం కూడా ఉంది. శవవాహనం నడిపే స్నేహితుణ్ని, కిటికీలోంచి చెయ్యూపుతున్న అతని తల్లిని ఫిలిప్ సరదాకి తీస్తాడు. తర్వాత ఆవిడ చనిపోతుంది. కొడుకు ఆ కాస్త ముక్కని వేయించుకుని చూస్తాడు. కెమెరా ఇల్లు కూల్చగలదు, చనిపోయిన తల్లిని కాసేపు వెనక్కి తేగలదు. కీస్లోవ్‌స్కీ ఏదో ఒక పక్షం వహించి ఉంటే సినిమా చిన్నదైపోయేది. సంభాషణల రచనలో ష్టూర్ పేరు కూడా పడింది. తడబాటు, సగంలో ఆగిన వాక్యాలు, అనవసరమైన క్షమాపణలు, ఇవన్నీ ఆ పాత్రకి అంత సహజంగా అమరడానికి అది ఒక కారణం అనుకుంటాను. 1979 మాస్కో చిత్రోత్సవంలో ఈ సినిమాకి బంగారు బహుమతి వచ్చింది.

దీని పక్కన పెట్టాల్సింది 2000లో ష్టూర్ తీసిన ‘ద బిగ్ యానిమల్’, పోలిష్‌లో ‘దూజె జ్వీయెజె’. కజిమియెజ్ ఓర్వోష్ కథ ఆధారంగా కీస్లోవ్‌స్కీ 1973లో రాసిపెట్టిన స్క్రిప్ట్ ఇది. ఆయన 1996లో చనిపోయాక, ఆయనకి అంత దగ్గరగా పనిచేసిన నటుడే దాన్ని తెరకెక్కించాడు. నలుపు-తెలుపు చిత్రం, గంటంబావు కూడా ఉండదు. ఊరు వదిలి వెళ్లిపోయిన సర్కస్ ఒక ఒంటెని వెనకే విడిచిపెడుతుంది. బ్యాంకులో పనిచేసే సవీత్స్కీ, అతని భార్య మరీషా దాన్ని తమ పెరట్లో పెట్టుకుంటారు. సాయంత్రాలు షికారుకి తీసుకెళతారు. భార్య దానికి ఉన్నితో దుప్పటి అల్లుతుంది. ఆన్నా డిమ్నా ఆ భార్య పాత్రలో ఎంత ఒదిగిపోయిందంటే, పిల్లల్లేని ఆ ఇంట్లో ఒంటె దేని స్థానంలోకి వచ్చిందో ఒక్క మాట చెప్పకుండానే మనకి తెలిసిపోతుంది.

మొదట్లో ఊరంతా మురిసిపోతుంది. తర్వాత మెల్లగా మాటలు మొదలవుతాయి. ఎవరికీ లేనిది వీళ్లకెందుకు? దానివల్ల లాభమేమిటి? పన్ను ఏ లెక్కన కట్టాలి, గుర్రం లెక్కనా? దాన్ని ప్రకటనలకి వాడుకుందాం అంటాడొకడు. దాన్ని ఊరికే, ఏ ప్రయోజనమూ లేకుండా ప్రేమిస్తున్నారన్నదే ఊరు భరించలేని విషయం. ఇది కమ్యూనిస్టు పోలండ్‌కి రాసిన కథ. కమ్యూనిజం పోయిన పదేళ్లకి తీశారు. ఒక్క పార్టీ కార్యదర్శి లేకపోయినా కథ చెక్కుచెదరలేదు. ష్టూర్ చూపు ఎంత సూటిగా ఉందో అక్కడే తెలుస్తుంది: వ్యవస్థ మారినా ఇరుగుపొరుగు మారలేదు.

రెండిట్లో ఏది ముందు? సినిమా పిచ్చి ఉన్నవాళ్లు, ఫొటోలో వీడియోలో తీసేవాళ్లు ‘కెమెరా బఫ్’ ముందు చూడాలి. ఇంటిల్లిపాదీ కూర్చుని చూడాలంటే, పదేళ్లు దాటిన పిల్లలు కూడా ఉంటే, ‘ద బిగ్ యానిమల్’. మాటలు తక్కువ, సబ్‌టైటిల్స్ వెంట పరిగెత్తక్కర్లేదు. పావెల్ ఎడెల్‌మాన్ కెమెరా చాలా చోట్ల కథ తానే చెప్పేస్తుంది. రెండేళ్ల తర్వాత ‘ద పియానిస్ట్’కి పనిచేసిన ఛాయాగ్రాహకుడు ఆయనే. కార్లోవీ వారీ చిత్రోత్సవంలో జ్యూరీ ప్రత్యేక బహుమతి వచ్చిన సినిమా అయినా, చిత్రోత్సవాల సినిమాలంటే భయపడేవాళ్లకి కూడా ధైర్యంగా చూపించవచ్చు.

‘ప్రశాంతత’ కోరుకున్నవాడు

‘కెమెరా బఫ్’ నచ్చితే వెంటనే వెనక్కి వెళ్లి ‘స్పోకుయ్’ చూడండి. ఇంగ్లిష్‌లో ‘ద కామ్’ అనే పేరుతో దొరుకుతుంది. 1976లో కీస్లోవ్‌స్కీ టీవీ కోసం తీశాడు. ప్రసారమైంది మాత్రం 1980లో, అంటే గ్దాన్స్క్ ఓడల కర్మాగారం సమ్మె తర్వాతే. సినిమాలో సమ్మె ఉండటమే అందుకు కారణం. అప్పటి పోలండ్‌లో తెరమీద సమ్మె చూపించడం మామూలు సంగతి కాదు.

ఆంతెక్ గ్రాలాక్ జైలునుంచి బయటికొస్తాడు. అతని కోరికల జాబితా ఇంతే: పని, పెళ్లి, ఒక గూడు, వేడి అన్నం, గొడవలు లేని బతుకు. భవన నిర్మాణ పనిలో చేరతాడు. యజమాని మంచివాడిలా కనిపిస్తాడు, తోటి కూలీలూ మంచివాళ్లే. వాళ్లిద్దరి మధ్యా తగాదా వస్తే ఇద్దరికీ మంచివాడిగా ఉండాలనుకున్నవాడి గతేమిటన్నది కథ. ఈ పాత్రలో ష్టూర్‌కి ముప్పై కూడా లేవు. ప్రతి ఒక్కరికీ ముందే నవ్వేసే ఆ ముఖం, ‘నన్నేమీ అనకండి’ అని బతిమాలే ఆ భుజాలు, ఎవరైనా గొంతు పెంచితే బిగుసుకుపోయే మెడ చూస్తే జైలు లోపల ఏం జరిగిందో సినిమా చెప్పక్కర్లేదు.

గ్రాలాక్‌నీ ‘ద బిగ్ యానిమల్’ సవీత్స్కీనీ పక్కపక్కన పెట్టి చూడండి. ఇద్దరి కోరికా ఒకటే: ఎవరికీ హాని లేని చిన్న సంతోషాన్ని నాకుండనివ్వండి. గ్రాలాక్ అందరికీ తలవంచి దాన్ని దక్కించుకోవాలని చూస్తాడు. సవీత్స్కీ తల వంచడు, అరవడు, ఒంటె తాడు పట్టుకుని రోజూ అదే వీధిలో నడుస్తాడు. ఈ రెండు నడకల మధ్య పాతికేళ్ల దూరం ఉంది. జంటగా చూడమని నేను పట్టుబట్టేది ఇందుకే.

ఎదగాలనుకున్నవాడు, ఎదిగాక లెక్క అప్పజెప్పేవాడు

‘వొజీరెయ్’ 1977 నాటిది, ఇంగ్లిష్ పేరు ‘టాప్ డాగ్’, దర్శకుడు ఫెలిక్స్ ఫాల్క్. ఇందులో ష్టూర్ పాత్ర లూటెక్ డానియెలాక్. ఊరూరా పెళ్లిళ్లలో, పార్టీల్లో, పిల్లల వేడుకల్లో మైకు పట్టుకుని జనాన్ని ఆడించేవాడు. నగరం వార్షికోత్సవానికి పెద్ద బాల్ జరగబోతోంది. దాన్ని నడిపే అవకాశం తనకే దక్కాలి. దానికోసం అతను చేయని పని లేదు. స్నేహితుణ్ని ముంచుతాడు, పోటీదారుల మీద బురద చల్లుతాడు, ఆడవాళ్ల ఇష్టాన్ని మెట్లుగా వాడుకుంటాడు. నోరు నవ్వుతూనే ఉంటుంది, కళ్లు మాత్రం లెక్కలు కడుతుంటాయి. ‘నైతిక ఆందోళన చిత్రాలు’ అని పోలండ్‌లో పేరుపడ్డ ఆ తరం సినిమాల్లో ఇంత వేగంగా పరిగెత్తేది, ఇంత ఒళ్లు మండించేది ఇంకోటి నేను చూడలేదు.

టీవీ యాంకర్లు, ఈవెంట్ మేనేజర్లు, రాజకీయ నాయకుల చుట్టూ తిరిగే కుర్రాళ్లు తెలిసినవాళ్లకి డానియెలాక్‌ని పరిచయం చేయక్కర్లేదు. అందుకే చరిత్ర ఏమీ తెలియకుండా చూడగల పాత పోలిష్ సినిమాల్లో దీన్ని ముందు వరసలో పెడతాను. ఒక హెచ్చరిక: ఇందులో ఇష్టపడదగ్గ మనిషి దాదాపు లేడు. అలసిపోయి ఇంటికొచ్చిన రాత్రి దీన్ని పెట్టుకోకండి.

ఇలాంటివాడు పెద్దవాడై, హోదా సంపాదించుకుని, సమాజంలో గౌరవంగా బతుకుతుంటే ఎలా ఉంటాడు? 1999లో ష్టూర్ తీసిన ‘ఎ వీక్ ఇన్ ద లైఫ్ ఆఫ్ ఎ మ్యాన్’ దీనికి జవాబిస్తుంది. అందులో ఆయన ప్రాసిక్యూటర్. కోర్టులో ఇతరుల తప్పుల్ని నిలదీస్తాడు, సొంత బతుకులో అవే తప్పులు చేస్తాడు. ఈ సినిమా వెనిస్ చిత్రోత్సవం పోటీకి వెళ్లింది. నిజం చెప్పాలంటే ఆయన తీసినవాటిలో ఇది కాస్త బిగుసుగా అనిపిస్తుంది. సోమవారం ఒక తప్పు, మంగళవారం ఒక తప్పు అన్నట్టు ముందే గీసుకున్న ముగ్గులా సాగుతుంది. మూడు నాలుగు చూశాక చూడండి, మొదటే వద్దు.

ఒకే ముఖం, నాలుగు జీవితాలు

దర్శకుడిగా ఆయన గొప్పతనం ఏ సినిమాలో తెలుస్తుందంటే నేను చెప్పేది ‘లవ్ స్టోరీస్’, పోలిష్‌లో ‘హిస్తోరియె మివోస్నె’, 1997. ఒకాయన విశ్వవిద్యాలయ అధ్యాపకుడు, ఒకాయన క్రైస్తవ మతగురువు, ఒకాయన సైనికాధికారి, ఒకాయన ఖైదీ. నలుగురినీ ష్టూరే వేశారు. అధ్యాపకుణ్ని అతని విద్యార్థిని ప్రేమిస్తుంది. మతగురువు ముందు అతనికి ఉందని తెలియని కూతురు నిలబడుతుంది. సైనికాధికారిని వెతుక్కుంటూ రష్యానుంచి పాత ప్రియురాలు వస్తుంది. ఖైదీకి బయటున్న భార్యే లోకం. నలుగురికీ ప్రశ్న ఒకటే వస్తుంది: ప్రేమా, ఉన్న సౌఖ్యమా?

తనే దర్శకత్వం వహిస్తూ తనే అనేక పాత్రలు వేయడం మనకి కొత్త కాదు. 1977లో ఎన్టీఆర్ స్వీయ దర్శకత్వంలో ‘దానవీరశూరకర్ణ’లో కర్ణుడు, దుర్యోధనుడు, కృష్ణుడు మూడూ వేశారు. అక్కడ ఆనందం మూడు పాత్రలూ ఎంత వేరుగా ఉన్నాయో చూడటంలో ఉంది. ష్టూర్ చేసింది దానికి తిరగబడ్డ పని. యూనిఫాం మారుతుంది, జుట్టు మారుతుంది, భాష పలుకుబడి మారుతుంది గానీ మనిషి ఒకడే అన్నట్టు ఆడతాడు. పదిహేను నిమిషాల తర్వాత ఎవరు ఎవరో వెతుక్కోవడం మానేసి, ‘వీడి స్థానంలో నేనుంటే’ అని ఆలోచించడం మొదలుపెడతాం. వాళ్లని ప్రశ్నించే ఒక మనిషి కూడా కథలో ఉన్నాడు. అతనెవరో, అతని లిఫ్ట్ ఎటు వెళుతుందో చెప్పి మీ ఆనందం చెడగొట్టను.

కీస్లోవ్‌స్కీ పోయిన మరుసటి ఏడు వచ్చిన సినిమా, ఆయనకే అంకితం. గురువు నీడ ఉంది, కాదనలేం. యాదృచ్ఛికాలు, ఒకరి దారిని ఒకరు దాటిపోవడం, చెప్పకుండా తీర్పు చెప్పడం, ఇవన్నీ అక్కణ్నుంచి వచ్చినవే. కానీ కీస్లోవ్‌స్కీకి లేని ఒక వెచ్చదనం ఇందులో ఉంది. తప్పు చేసేవాడి ముఖాన్ని ష్టూర్ కోపంతో చూడడు, ఆ పిరికితనం తనలోనూ ఉందని తెలిసినవాడిలా చూస్తాడు. వెనిస్‌లో అంతర్జాతీయ విమర్శకుల బహుమతి, పోలండ్‌లోని గ్దీనియా చిత్రోత్సవంలో ఆ ఏటి ఉత్తమ చిత్రంగా స్వర్ణ సింహాలు వచ్చాయి. గంటన్నర సినిమా. పెళ్లయి పది పదిహేనేళ్లయిన దంపతులు కలిసి చూస్తే, ఆ రాత్రి మాట్లాడుకోవడానికి చాలా ఉంటుంది.

దీనికి జంటగా ‘డెకలాగ్’ పదో కథ పెట్టండి. గంటలో అయిపోతుంది. ఆ పది కథల్లో మనసారా నవ్వించేది ఇదొక్కటే. ముఖం చాటేసి బతికిన తండ్రి చనిపోతే, ఆయన పోగేసిన స్టాంపుల విలువ కొడుకులిద్దరికీ తెలుస్తుంది. చిన్నవాడు పంక్ బ్యాండ్ గాయకుడు, ఆ పాత్రలో జ్బిగ్‌నియెవ్ జమహోవ్‌స్కీ. పెద్దవాడు పెళ్లాం పిల్లలున్న సంసారి, మన ష్టూర్. ఒక అరుదైన స్టాంపు కావాలంటే డబ్బు తీసుకోనంటాడు వ్యాపారి. తన కూతురికి కిడ్నీ కావాలి. బేరం కుదురుతుంది! పదవ ఆజ్ఞ పరుల సొత్తు ఆశించవద్దంటుంది. ష్టూర్ ముఖంలో ఆ ఆశ ఎలా మొలకెత్తుతుందో చూడండి. మొదట ‘పిల్లల భవిష్యత్తు కోసం’ అంటాడు, కాసేపటికి పిల్లల ఊసే ఎత్తడు. ఎన్నో గంటల సినిమాలకి సమయం లేనివాళ్లు దీంతోనే రుచి చూడొచ్చు.

జనం ష్టూర్: ‘సెక్స్‌మిషన్’

పోలండ్‌లో ఎవరినైనా అడిగితే ముందు చెప్పేది ఇదే. 1984లో యూలియుష్ మాహుల్‌స్కీ తీశాడు. మాక్స్ (ష్టూర్), ఆల్బర్ట్ (ఓల్గెర్డ్ వుకషేవిచ్) అనే ఇద్దరు ప్రయోగం కోసం 1991లో నిద్రాణస్థితిలోకి వెళ్లి 2044లో లేస్తారు. మధ్యలో యుద్ధం వచ్చిపోయింది. నేలకింద బతికే కొత్త లోకంలో మగవాడే లేడు. కోపర్నికస్ కూడా ఆడదే అని అక్కడి చరిత్ర చెబుతుంది. 1984 ప్రేక్షకులు దాన్ని ఆడ-మగ జోకుగా మాత్రమే తీసుకోలేదు. సైనిక పాలన ఎత్తేసి ఏడాది కూడా కాలేదు. చరిత్రని తమకు కావలసినట్టు తిరగరాసే ప్రభుత్వం, బయట గాలి విషమని భయపెట్టి లోపలే ఉంచడం, ఇవన్నీ వాళ్లకి రోజూ తెలిసినవే. థియేటర్లలో నవ్వులు అందుకే అంత గట్టిగా మోగాయి.

అయినా మొదటి సినిమాగా దీన్ని నేను చెప్పను. కారణాలు రెండు. నవ్వులో సగం ఆ కాలానికి కట్టుబడి ఉంది, తెలియనివాళ్లకి అది దాటిపోతుంది. రెండోది, ఆడవాళ్లని చూపించిన తీరు ఇప్పుడు కళ్లకి గుచ్చుకుంటుంది. ప్రభుత్వాన్ని వెక్కిరించడానికి ఎంచుకున్న రూపకం ఆడవాళ్ల పాలనే కావడం, వాళ్లంతా చివరికి ఒక మగవాడి స్పర్శకి కరిగిపోవడం నాకు మింగుడు పడలేదు. ష్టూర్ మాత్రం అద్భుతం. మాక్స్ చిల్లర మనిషి, గొప్పలు పోతాడు, భయపడతాడు, ఎంత మూల పడేసినా మాట ఆపడు. ‘వొజీరెయ్’ చూసినవాళ్లకి డానియెలాక్ నోటి వేగమే ఇక్కడ నవ్వుగా మారిందని అర్థమవుతుంది. స్నేహితులు నలుగురు కలిసినప్పుడు, పిల్లలు నిద్రపోయాక చూసేది ఇది.

మాహుల్‌స్కీతోనే ఇంకా హాయిగా నవ్వాలంటే 1990 నాటి ‘డేజా వూ’ ఉంది. షికాగో ముఠా పంపగా 1925 నాటి ఒడెస్సాకి వచ్చిన కిరాయి హంతకుడిగా ష్టూర్. ఎంత ప్రయత్నించినా అక్కడ పని సజావుగా జరగదు. 1997 ‘కీలెర్’లో పోలీసు అధికారిగా ఆయనది సహాయ పాత్ర, దానికోసమే వెతుక్కుని చూడక్కర్లేదు.

ఎప్పుడు వదిలేయాలి, ఎప్పుడు పట్టుకోవాలి

‘టుమారోస్ వెదర్’, 2003. కమ్యూనిస్టు ప్రభుత్వాన్ని ఎదిరించిన ‘సాలిడారిటీ’ కార్మికోద్యమంలో పనిచేసి, అరెస్టు భయంతో మఠంలో దాక్కున్నవాడు అక్కడే 17 ఏళ్లు ఉండిపోయి, ఇంటివాళ్ల కంటపడి బయటికొస్తాడు. బయట కొత్త పోలండ్: రియాలిటీ షోలు, ప్రకటనలు, డబ్బు. ఒక కూతురు టీవీ కెమెరాల ముందు బతుకుతోంది. కొడుకు రాజకీయాల్లో తిరుగుతున్నాడు. ఆ కొడుకు పాత్రలో ష్టూర్ సొంత కొడుకు మాచెయ్. ఇది చూసే ముందు 1980లో సాలిడారిటీ పుట్టుక, 1981 డిసెంబర్ 13 సైనిక పాలన, 1989లో కమ్యూనిస్టు పాలన ముగియడం, ఈ మూడు తేదీలైనా చదువుకోండి. లేకపోతే తాత కాలం వాడి గొణుగుడులా అనిపిస్తుంది. తెలిసి చూస్తే మనసు కలుక్కుమంటుంది. దేనికోసం దాక్కున్నాడో ఆ దేశమే వచ్చింది, అందులో అతనికి చోటు లేదు.

చివరగా తీసిన ‘సిటిజన్’ (2014) కూడా అంతే. ఒకే మనిషి జీవితంలోంచి పోలండ్ చరిత్ర అంతా దాటిపోతుంది. కుర్రవాడిగా మాచెయ్, పెద్దవాడిగా తండ్రి. గొంతు క్యాన్సర్ నుంచి బయటపడి వచ్చి తీశారు. మొదట తీసిన ‘స్పిస్ సుజొవొజ్‌నిత్స్’ (1994) క్రాకోవ్ వీధులంటే ఇష్టమున్నవాళ్లకి మాత్రమే.

ఇటాలియన్ తెలిసినవాళ్లు, ఇటలీ దర్శకుడు నాన్నీ మొరెత్తి అభిమానులు ‘హాబెముస్ పాపమ్’ (2011) చూడొచ్చు. కొత్తగా ఎన్నికైన పోపు బాల్కనీలోకి రానంటే, బయట లక్షలమందికి ఏం చెప్పాలో తెలియక నలిగిపోయే వాటికన్ ప్రతినిధి ఆయనే. పరాయి భాషలో కూడా ఆ ఇబ్బందికరమైన మర్యాద, ఆ కంగారుని దాచుకునే తీరు అలాగే ఉన్నాయి.

వెతికేటప్పుడు రెండు జాగ్రత్తలు. ఇంగ్లిష్ పేరుతో దొరక్కపోతే పోలిష్ పేరుతో వెతకండి, ఒక్కో సినిమా రెండు మూడు ఇంగ్లిష్ పేర్లతో తిరుగుతోంది. డబ్బింగ్ ప్రతి ఎదురైతే వదిలేయండి. ష్టూర్ నటనలో సగం గొంతులో ఉంది. వాక్యం మొదలుపెట్టి భయపడి వెనక్కి తగ్గడం, ముక్కుతో పలికే ఆ చిన్న నవ్వు, ఒక్క ఊపిరిలో పది మాటలు కుమ్మరించడం. ‘ష్రెక్’ పోలిష్ ప్రతిలో గాడిదకి ఆయన గొంతే ఇచ్చారంటే, ఆ గొంతుని అక్కడి పిల్లలు కూడా ఎంత ప్రేమించారో ఊహించుకోండి. అర్థం సబ్‌టైటిల్స్‌లో చదువుకుంటూ, చెవులు మాత్రం ఆయనకే అప్పగించాలి.

మూడు సాయంత్రాలు కేటాయించగలిగితే నా వరస ఇది: మొదటిరోజు ‘కెమెరా బఫ్’, రెండోరోజు ‘స్పోకుయ్’తో పాటు ‘ద బిగ్ యానిమల్’ (రెండూ కలిపి మన మామూలు సినిమా అంత), మూడోరోజు ‘లవ్ స్టోరీస్’. ‘వొజీరెయ్’ని ఆ పైవారానికి దాచుకోండి. ఈ వరసలో ఒక్కటే మార్చకూడదు: ‘లవ్ స్టోరీస్’ని మొదటికి తేవద్దు. ఆ నలుగురి వెనకా ఫిలిప్ మోష్, గ్రాలాక్ నిలబడి కనిపిస్తేనే దాని బరువు తెలుస్తుంది.